ఓలీరీ, స్టాంటన్: ఇద్దరు డిఫెండర్లు, కోచ్‌లుగా రెండు దారులు

ఇద్దరూ 1990 ఫుట్‌బాల్ ప్రపంచకప్ ఆడిన ఐర్లాండ్ జట్టువాళ్లే. జెనోవాలో రొమేనియాపై షూటౌట్‌లో చివరి పెనాల్టీ కొట్టి క్వార్టర్ ఫైనల్‌కు చేర్చింది డేవిడ్ ఓలీరీ. ఇంగ్లండ్ క్లబ్ ఆర్సెనల్ తరఫున అతను ఆడిన 722 మ్యాచ్‌లు ఇప్పటికీ క్లబ్ రికార్డే. స్టీవ్ స్టాంటన్ దేశానికి 102 మ్యాచ్‌లు ఆడాడు, మూడు ప్రపంచకప్‌లలో బరిలోకి దిగాడు. జాతీయ జట్టు కోసం నిలబడ్డ తీరు చూస్తే నా ఓటు స్టాంటన్‌కే.

కోచింగ్‌లో మాత్రం పోలికే లేదు. ఓలీరీ మరో ఇంగ్లండ్ క్లబ్ లీడ్స్‌లో అసిస్టెంట్‌గా పని నేర్చుకుని 1998లో పగ్గాలు అందుకున్నాడు. కుర్రాళ్లను నమ్మి 2001లో యూరప్ క్లబ్‌ల టోర్నీ ఛాంపియన్స్ లీగ్‌లో సెమీస్ దాకా తీసుకెళ్లాడు. స్టాంటన్‌కు ఎక్కడా ప్రధాన కోచ్‌గా చేయకముందే 2006లో జాతీయ జట్టును అప్పగించారు. ఆ ఏడాదే సైప్రస్ చేతిలో 5-2 ఓటమి, 2007లో ఉద్వాసన. అంత బరువు అతని భుజాన పెట్టినవాళ్లదే ఎక్కువ తప్పని నా నమ్మకం.