న్యాపతి సుబ్బారావు పంతులు గారి రాజమండ్రిలో రెండు రోజులు

మా నాన్నగారు ముప్పై ఏళ్లు జిల్లా కోర్టులో ప్రాక్టీసు చేశారు. న్యాపతి సుబ్బారావు పంతులు గారు వకీలుగా తిరిగిన రాజమండ్రిని తీరిగ్గా చూడాలని ఆయనకి ఎప్పటినుంచో ఉంది. మొన్న కార్తీకంలో ఇద్దరం సికింద్రాబాద్‌లో గౌతమి ఎక్స్‌ప్రెస్ ఎక్కి తెల్లారేసరికి దిగాం.

పంతులు గారు 1856లో నెల్లూరులో పుట్టారు. మద్రాసులో లా చదువుతుండగా, భారతీయుడైన టి. ముత్తుస్వామి అయ్యర్‌ని హైకోర్టు జడ్జిగా వేసినందుకు తెల్లవాళ్ల పత్రికలు విరుచుకుపడ్డాయి. వాటికి జవాబు చెప్పాలని ఇద్దరు ఉపాధ్యాయులు, నలుగురు లా విద్యార్థులు కలిసి రూపాయి పన్నెండణాలు అప్పు తెచ్చి 1878 సెప్టెంబరు 20న 80 కాపీలతో ‘ది హిందూ’ మొదలుపెట్టారు. ఆ విద్యార్థుల్లో ఒకరు మన పంతులు గారు. అప్పటికి ఆయన వయసు 22. చదువయ్యాక రాజమండ్రి వచ్చి వకీలుగా స్థిరపడ్డారు.

బస సంగతి. ముందు స్టేషన్ దగ్గర ఒక లాడ్జిలో దిగాం. వేడినీళ్లు వస్తాయని చెప్పి డబ్బు కట్టించుకున్నారు, గీజర్ పనిచేయలేదు. డెబ్బై దాటిన మనిషి చన్నీళ్లతో స్నానం చేయాల్సి వచ్చింది, నాకు చాలా బాధేసింది. మధ్యాహ్నానికే గోదావరి గట్టు వైపు ఇంకో హోటల్‌కి మారాం. అద్దె కాస్త ఎక్కువే కానీ గది శుభ్రంగా ఉంది, లిఫ్ట్ ఉంది, కిటికీ తీస్తే నది. పెద్దవాళ్లతో వెళ్తే గట్టు వైపే చూసుకోండి.

వీరేశలింగం గారి ఇల్లు ఎక్కడంటే ఆటో అతను వెంటనే తీసుకెళ్లాడు. పంతులు గారి పేరు చెబితే మాత్రం “ఏ పంతులు గారండీ?” అన్నాడు. నాన్న ఆ ఇంటి గుమ్మం దగ్గర నిలబడి అతనికి ఓపిగ్గా చెప్పారు. వీరేశలింగం గారు సంపాదకుడిగా నడిచిన ‘చింతామణి’ పత్రిక పెట్టింది సుబ్బారావు గారేనని, దాని నవలల పోటీలో బహుమతులొచ్చినవాళ్లలో కుర్ర రచయిత చిలకమర్తి లక్ష్మీనరసింహం ఒకరని. అతను మీటర్ సంగతి మరిచిపోయి విన్నాడు. తెలుగు నవల కాళ్లు నిలదొక్కుకోవడానికి ఒక వకీలు జేబులోంచి డబ్బు తీశాడన్నది నాకూ అక్కడే బాగా ఎక్కింది. దగ్గర్లోనే 1890లో వీరేశలింగం గారు కట్టించిన టౌన్‌హాలు. బయట నుంచే చూసి వచ్చేశాం.

అసలు చూడాల్సింది గౌతమీ గ్రంథాలయం. మొదటిరోజు సెలవు, ఊరికే తిరిగొచ్చాం. వెళ్లేముందు కనుక్కోండి. రెండోరోజు సిబ్బంది ఎంతో మర్యాదగా కూర్చోబెట్టారు. చిలకమర్తి వారి స్వీయచరిత్రము పాత ప్రతి అడిగితే, బల్ల మీద ముందు న్యూస్‌పేపర్ పరిచి దాని మీద పుస్తకం పెట్టారు. ఎందుకో పేజీ తిప్పాక అర్థమైంది. అంచులు అప్పడంలా విరిగి ఆ పేపర్ మీద రాలుతున్నాయి. నాన్న వేలితో తిప్పకుండా పోస్ట్‌కార్డు ముక్క కింద పెట్టి ఒక్కో పేజీ లేపారు. పంతులు గారి పేరు వచ్చిన ప్రతిచోటా ఆగి నోట్‌బుక్‌లో రాసుకున్నారు. రెండున్నర గంటలు. ఫ్యాన్ కింద, మంచినీళ్లు అడక్కుండానే తెచ్చిచ్చారు.

భోజనానికి గోకవరం బస్టాండు వైపు చిన్న మెస్. పనసపొట్టు కూర, ఆవపెట్టింది, మళ్లీ వడ్డించమంటే మొహం చిట్లించలేదు. మెయిన్ రోడ్డులో రోజ్ మిల్క్ తాగకుండా రాకండి.

సాయంత్రం గట్టు మీద కూర్చుంటే హేవలాక్ వంతెన కనిపిస్తుంది. అది 1900లో తెరిచారు. పంతులు గారు ప్రాక్టీసు మొదలుపెట్టిన రోజుల్లో అది లేదు, గోదావరి దాటాలంటే పడవే. అలాంటి ఊళ్లో ఉండి ఆయన మద్రాసు శాసనమండలికి వెళ్లారు, 1914లో తెలుగువాళ్లకి వేరే రాష్ట్రం కోరిన బెజవాడ ఆంధ్ర మహాసభకి అధ్యక్షత వహించారు, అదే ఏడాది నుంచి 1917 దాకా కాంగ్రెస్ ప్రధాన కార్యదర్శుల్లో ఒకరు. ఆంధ్రోద్యమం చదివే పిల్లలకి ఈ పేరు ఒక్క పేరాలో దాటిపోవడం అన్యాయమని నాన్న చాలాసేపు అన్నారు. నాకూ అదే అనిపిస్తుంది.

రాత్రి రైల్లో నోట్‌బుక్ తెరిచి, చివరి పేజీలో “మింట్ స్ట్రీట్, శ్రీనిధి ప్రెస్” అని రాశారు. ‘ది హిందూ’ మొదటి సంచిక అచ్చయిన చోటు అది. సంక్రాంతి తర్వాత చెన్నైకి రెండు టికెట్లు చూడమన్నారు.