మోడ్ యాపా, యాడ్స్‌తో చూడటమా, చందా కట్టడమా: ఏది మేలు?

ఒడిశాలో పర్లాకిమిడి, బరంపురం, రాయగడ వైపు తెలుగిళ్లలో తెలుగు పాటైనా సీరియలైనా ఇప్పుడు ఎక్కువగా ఫోన్‌లోనే. అందుకే "ప్రీమియం ఫ్రీ, యాడ్స్ ఉండవు" అంటూ వాట్సాప్‌లో మోడ్ యాప్, అంటే అసలు యాప్‌ని బయటివాళ్లు మార్చి చేసింది, ఏపీకే ఫైల్‌గా (ఫోన్‌లో యాప్ వేసుకునే ఫైల్) వస్తే వేలు ఇట్టే దాని మీదికి పోతుంది. డబ్బు అడగదు, డౌన్‌లోడ్‌కి అడ్డు చెప్పదు. సిగ్నల్ అందని గజపతి కొండ ఊళ్లలో అది చిన్న ఆశేం కాదు.

కానీ ఆ ఫైల్ లోపల ఏముంది? అసలు యాప్‌కి కంపెనీ డిజిటల్ సంతకం ఉంటుంది. విప్పి మార్చగానే అది చెల్లదు. మార్చినవాళ్లు తమ సంతకం పెట్టి మళ్లీ ప్యాక్ చేస్తారు. అందుకే ప్లే స్టోర్ అప్‌డేట్లు దాని మీద ఎక్కవు. యాడ్స్ తీసినవాళ్లు ఇంకేం చేర్చారో మనకు తెలిసే దారి లేదు. ఎస్సెమ్మెస్‌లకీ, యాక్సెసిబిలిటీకీ అనుమతి అడిగితే అక్కడే ఆపేయండి. పాట వినిపించడానికి మన మెసేజ్‌లతో పనేంటి? ఆ రెండూ ఇస్తే ఓటీపీ చదవగలదు, మన బదులు బటన్లు నొక్కగలదు. ఫోన్‌పే ఉన్నదీ అదే ఫోన్‌లో.

పేరున్న మోడ్ కదా అనే ధీమా కూడా పనికిరాదు. యాడ్స్ లేకుండా యూట్యూబ్ చూపించిన యూట్యూబ్ వాన్స్‌డ్ అనే మోడ్, గూగుల్ లీగల్ నోటీసుతో 2022 మార్చిలో మూతపడింది. ఇప్పుడు ఆ పేరుతో వచ్చే ఫైల్‌కి పూచీ ఎవరు?

నా ఓటు యాడ్స్‌తో ఉచితంగా చూడటానికే. యూట్యూబ్ ఉంది, ప్రసారభారతి 2024 నవంబరులో తెచ్చిన వేవ్స్ అనే ఓటీటీ యాప్ ఉంది. యాడ్ చిరాకే. అయినా ఆ యాడ్ డబ్బులో వాటా ఛానల్‌కి చేరుతుంది. మోడ్‌లో యాడ్ పడదు, పైసా రాదు. పెద్ద సంస్థలు తట్టుకుంటాయి. శ్రీకాకుళం జానపదాలు సొంత ఖర్చుతో రికార్డు చేసి పెట్టే చిన్న బృందాలు రెండో పాటకి వెనకాడతాయి. బడిలో ఒడియా చదివే మన పిల్లల చెవిన పడే తెలుగులో ఆ పాటలది పెద్ద వంతు. అవి ఆగిపోతే నష్టం మనకే.

చందా సంగతి: యూట్యూబ్ ప్రీమియం 2024 ఆగస్టులో నెలకి 129 నుంచి 149 రూపాయలైంది. ఏడాది పొడవునా కట్టాలంటే బరువే. డౌన్‌లోడ్లు తప్పనివాళ్లకి మాత్రం ఇదే సరైన దారి. ఓటీటీ అయితే కావాల్సిన నెలకే తీసుకుని, ఆటోపే ఆపేయండి.

ఇప్పటికే మోడ్ వేసుకున్నారా? అనుమతులు తీసేసి, యాప్ తొలగించి, వేరే ఫోన్ నుంచి పాస్‌వర్డ్‌లు మార్చండి. డబ్బు పోయిందని తెలిస్తే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి.