విజయవాడలో ‘మ్యాజిక్ మంట’ కిట్లు కొంటున్నారా? ఒక్క నిమిషం ఆగండి

వన్‌టౌన్‌లో బర్త్‌డే సామాన్లు, స్కూల్ యాన్యువల్ డే సామాన్లు అమ్మే ఒక షాపులో పోయిన నెల ‘మ్యాజిక్ ఫ్లేమ్ కిట్’ అని కనిపిస్తే కొన్నాను, కిట్ 650 రూపాయలు. నాలుగు పొడి ప్యాకెట్లు, ఒక ప్లాస్టిక్ సీసాలో నీళ్ళలాంటి లిక్విడ్. షాపు పేరు రాయట్లేదు, ఎందుకంటే ఇది ఒక్క షాపు గొడవ కాదు, అదే కిట్ ఇంకో రెండు చోట్ల వేలాడుతూ కనిపించింది.

కొన్నది మా మేనల్లుడి కోసం. వాడు తొమ్మిదో క్లాసు, వాడూ వాడి ఫ్రెండ్సూ కలిసి అగరుసీమ అని ఓ లోకం కట్టుకున్నారు, రాజులు, మ్యాపులు, పాచికలు వేసి ఆడే ఆట, రెండు లాంగ్ నోట్‌బుక్కులు నిండిపోయాయి. అందులో అందరూ హడలిపోయేది ఎదురుమంట అనే దానికి. మా తాతయ్య పొలం గట్టు మీద కొరివి దెయ్యాన్ని చూశానని ఒట్టేసి చెప్పేవాడు, ఆ కథల్లోంచే మావాడు దీన్ని పుట్టించాడనుకుంటా. పగలు కంటికి ఆనదు, చీకటి పడితే ఆకుపచ్చగా వెలుగుద్ది, ఆరిపోయిందనుకుని ఎవడైనా మళ్ళీ మేత వేశాడా, ఆ మేత వెంబడే ఎక్కొచ్చి వేసినవాడి చెయ్యి పట్టుకుంటుంది. ఈ మూడూ గుర్తుపెట్టుకోండి, మళ్ళీ చెప్తా.

ఆదివారం సాయంత్రం సత్యనారాయణపురంలో మా డాబా మీద ఆట. షాపాయన ‘శానిటైజర్ లాంటిదే సార్, ఏం కాదు, పిల్లలు కూడా వెలిగించుకోవచ్చు’ అన్నాడు కదా అని నేనే ముందు పడ్డాను. పాత ఇనప మూకుట్లో పొడి వేసి లిక్విడ్ పోసి అగ్గిపుల్ల గీశా. నిజం చెప్పాలంటే అద్భుతంగా వచ్చింది, అంత ఆకుపచ్చ మంట నేనెప్పుడూ చూళ్ళేదు, పిల్లలు ఒకటే కేకలు. కాసేపటికి మంట పోయింది. పోయిందనుకున్నాను. ఎండ ఇంకా దిగలేదు, మూకుట్లో ఏమీ కనపడట్లేదు, ‘మావయ్యా ఇంకోసారి’ అంటే సగం ఖాళీ అయిన సీసా మూత తీసి వంచాను అంతే, ధార మూకుడికి తగిలిందో లేదో భుస్సుమని శబ్దం, మంట ఆ ధార పట్టుకుని పైకొచ్చి సీసాలోకి దూరి మళ్ళీ మూతి లోంచి ఎదురుగా ఐదారడుగులు పిచికారీ కొట్టినట్టు చిమ్మింది. ఆ పక్కన పిల్లలెవరూ లేరు, దుర్గమ్మ తల్లి దయ. మా అమ్మ వడియాలు పెట్టిన పాత చీర ఉంది, చీరా వడియాలూ రెండూ పోయాయి. నా కుడిచేతి మీద వెంట్రుకలన్నీ కమిలి ఉండలు కట్టాయి, మణికట్టు దగ్గర అరచెయ్యంత బొబ్బ.

అమ్మ టూత్‌పేస్ట్ తెచ్చింది, పక్కింటి ఆంటీ ఇంకు పొయ్యమంది. ఏదీ వద్దండి, ఇరవై నిమిషాలు ధారగా చల్లటి నీళ్ళు పట్టాలి, ఐసు కూడా పెట్టకూడదు, తర్వాత డాక్టర్. ఇక్కడ మన బెజవాడ తిరకాసు ఒకటుంది, మే నెల సాయంత్రం డాబా మీద ట్యాంకు కుళాయి తిప్పితే వచ్చేది వేణ్ణీళ్ళు, అది పట్టుకుని ఇంకో కేక వేశాను. కిందకి పరిగెత్తి వంటింట్లో బిందెలోవి చెంబుతో పోయించుకున్నా.

మా బావ జూనియర్ కాలేజీలో కెమిస్ట్రీ చెప్తాడు. సీసా చూసి మిథనాల్ (తాగితే విషమయ్యే ఒక రకం ఆల్కహాల్) అయ్యుంటుంది అన్నాడు, ల్యాబ్‌లో టెస్ట్ చేయించలేదు కాబట్టి ఖాయంగా అనను. పొడి బోరిక్ యాసిడ్ అయ్యుండొచ్చట, క్యారమ్ బోర్డు మీద చల్లే పౌడర్ చాలావరకు అదే, మిథనాల్‌తో కలిస్తే ఆకుపచ్చ మంట. మిథనాల్ మంట వెలుతుర్లో దాదాపు కనపడదు, అందుకే ఆరిపోయిందనుకున్నా. దానికి 11, 12 డిగ్రీల వేడి చాలు, అంటుకునేంత ఆవిరి వచ్చేస్తుంది, ఇక మన ఎండల్లో చెప్పేదేముంది. సగం ఖాళీ సీసాలో ఆ ఖాళీ అంతా ఆవిరీ గాలీ కలిసి రెడీగా ఉంటుంది, మంట లోపలికి వెళ్ళిందంటే బయటికి రావడానికి సన్నటి మూతి ఒక్కటే దారి. శానిటైజర్, స్పిరిట్ ఏదైనా మంట మీద పోస్తే ఇదే కథ. బావ చెప్తుంటే మేనల్లుడు నోట్‌బుక్ తెరిచి ఎదురుమంట పేజీ నా ముందు పెట్టాడు. కనపడదు, ఆకుపచ్చ, మేత వేసిన చెయ్యి. నాకు ఒళ్ళు జలదరించింది, వాడికి మాత్రం భలే గర్వంగా ఉంది వెధవకి.

ఇంకోటి, ఇది మిథనాలే అయితే కొంచెం నోట్లోకి పోయినా కళ్ళు పోయే ప్రమాదం, ఎక్కువైతే ప్రాణమే. నాకిచ్చిన సీసా అచ్చం జ్యూస్ సీసాలా ఉంది, లేబుల్ లేదు. తయారుచేసినోళ్ళ పేరు, అడ్రస్, ఎంఆర్‌పీ, నెల, సంవత్సరం ఏదీ లేదు, ప్యాక్ చేసిన వస్తువు మీద ఇవన్నీ ఉండాలని రూలుంది. షాపుకెళ్ళి అడిగితే ‘మీరు వాడటం రాక’ అన్నాడు, బిల్లేదీ అన్నాడు, ఆ బిల్లు ఇవ్వంది ఆయనే. చివరికి గొడవ ఎందుకు సార్ అని ఇంకో రెండు ప్యాకెట్లు ఫ్రీగా చేతిలో పెట్టబోయాడు, ఏమనాలి చెప్పండి. 1915 వినియోగదారుల హెల్ప్‌లైన్‌కి ఫోన్ చేసి కంప్లయింట్ పెట్టాను, చూడాలి.

స్కూల్ స్కిట్‌కో షార్ట్ ఫిల్మ్‌కో మంట కావాలంటే ఎల్ఈడీ బల్బుకి కలర్ పేపర్ చుట్టి కింద చిన్న ఫ్యాను పెట్టండి, పైన పల్చటి గుడ్డ ముక్క ఊగుతుంటే చాలు. ఇప్పటికే కిట్ కొనేసుంటే వెలిగించకండి. వెలుగుతున్న మంట మీద మాత్రం ఛస్తే ఇంకో చుక్క పోయొద్దు, మూకుడు మీద పెద్ద మూత బోర్లించి గాలాడకుండా చేయండి, చెయ్యి దాటిపోతే 101.

నా దగ్గర ఇంకో సీసా, విప్పనిది, మిగిలింది (కక్కుర్తికి రెండు కిట్లు కొన్నా). డ్రైనేజీలో పోయొద్దని బావ గట్టిగా చెప్పాడు. మూత బిగించి నీడలో, పిల్లలకి అందకుండా పెట్టాను. ఇలాంటివి మన ఊళ్ళో ఎవరికి అప్పగించాలో తెలిసినవాళ్ళుంటే కాస్త చెప్పండి ప్లీజ్.