సింథియా లాంటి చాంపియన్‌ను ఓడించడానికి ఏది మేలు: లెవెల్ పెంచడమా, టైప్ చూసుకోవడమా, బూస్ట్ చేయడమా, విషం పెట్టడమా?

పోకెమాన్ ఆటల్లో చివరి చాంపియన్ దగ్గర ఆగిపోయామని ఎవరికి చెప్పినా మొదట వినిపించే సలహా ఒకటే, ఇంకో పది లెవెల్స్ పెంచుకుని మళ్లీ వెళ్లు అని. తప్పు సలహా కాదు. కాకపోతే ఉన్న దారులన్నిటిలో టైమ్ ఎక్కువ తినేది అదే, ఫలితం మాత్రం అనుకున్నంత రాదు. ఎందుకు రాదో లెక్కతో సహా చెప్తాను, మిగతా దారులు కూడా పక్కన పెట్టి చూద్దాం.

పోల్చి చూడటానికి ఒక బాస్ కావాలి కాబట్టి సింథియాను తీసుకుంటున్నా. 2006లో వచ్చిన డైమండ్, పెర్ల్ ఆటల చాంపియన్. ఈ సిరీస్ మొత్తంలో భయపెట్టే ట్రైనర్ ఎవరని అడిగితే నేను ఇప్పటికీ ఆమె పేరే చెప్తాను. ఎలైట్ ఫోర్‌లో, అంటే చాంపియన్ కంటే ముందు వరుసగా ఓడించాల్సిన నలుగురిలో, ప్రతి ఒక్కరికీ ఒక టైప్ (నిప్పు, నేల లాంటి వర్గం) ఉంటుంది: ఆరన్‌ది బగ్, బర్తాది గ్రౌండ్, ఫ్లింట్‌ది ఫైర్, లూసియన్‌ది సైకిక్ (ఫ్లింట్ విషయంలో మాత్రం జాగ్రత్త, డైమండ్, పెర్ల్‌లో అతని ఐదింటిలో ఫైర్ టైప్ రెండే). సింథియాకి అలాంటి గీత ఏమీ లేదు. స్పిరిటూంబ్, రోజరేడ్, గాస్ట్రోడాన్, లుకారియో, మిలోటిక్, చివర్లో గార్చాంప్. ఆరూ ఆరు దారులు. లెవెల్స్ 60 నుంచి 66 దాకా. పైగా ఇది వరుసగా ఐదో పోరు, మధ్యలో పోకెమాన్ సెంటర్ ఉండదు, ఓడితే మళ్లీ ఆరన్ దగ్గర్నుంచి మొదలుపెట్టాలి.

ముందు లెవెల్ సంగతి. దెబ్బ ఎంత తగులుతుందో లెక్క కట్టేటప్పుడు ఆట లెవెల్‌ను రెండుతో గుణించి, ఐదుతో భాగించి, రెండు కలుపుతుంది. లెవెల్ 60 దగ్గర అది 26, లెవెల్ 70 దగ్గర 30. అంటే పదిహేను శాతం పెరిగింది. లెవెల్‌తో పాటు అటాక్ కూడా దాదాపు పదహారు, పదిహేడు శాతం పెరుగుతుంది కాబట్టి రెండూ కలిపితే దెబ్బ మూడో వంతు పెరిగినట్టు. పది లెవెల్స్‌కి వచ్చేది అంతే. అదే స్వోర్డ్స్ డాన్స్ అనే మూవ్ ఒక్కసారి వేస్తే అటాక్ రెట్టింపు, ఒకే ఒక్క టర్న్‌లో. సరైన టైప్ మూవ్ వాడితే దెబ్బ రెట్టింపు, దానికి టర్న్ కూడా ఖర్చవదు. ఈ మూడు అంకెలూ పక్కపక్కన చూశాక కూడా గంటల తరబడి గడ్డిలో తిరిగి గ్రైండింగ్ చేయమని నేను ఎవరికీ చెప్పలేను.

లెవెల్‌కి ఒక మంచి గుణం ఉంది, అది ఒప్పుకోవాలి. అది దెబ్బతో పాటు స్పీడ్, డిఫెన్స్, హెచ్‌పీ (ప్రాణం) అన్నీ పెంచుతుంది, పైగా ఏ బాస్ మీదైనా పనిచేస్తుంది, ఆలోచించాల్సిన పని లేదు. చిన్నపిల్లలకి ఈ దారే సరైనది. పెద్దవాళ్లకి కూడా టీమ్ మొత్తం లెవెల్ 45 చుట్టూ ఉంటే కాస్త పెంచుకోక తప్పదు. దానికైనా విక్టరీ రోడ్‌లో (ఎలైట్ ఫోర్ దాకా వెళ్లే గుహ దారి) తిరగడం కంటే ఎలైట్ ఫోర్‌తోనే తలపడటం మేలు, ఎందుకంటే ఓడినా అప్పటిదాకా వచ్చిన ఎక్స్‌పీరియన్స్ ఎక్కడికీ పోదు, అవతలివాళ్ల లెవెల్స్ ఎక్కువ కాబట్టి అక్కడ వచ్చేదీ ఎక్కువే.

లెజెండరీని (కథలో దేవుళ్లలా కనిపించే అరుదైన పోకెమాన్) పట్టుకుని దాన్నే ముందుకు తోయడం కూడా ఇలాంటి ఆలోచనే. డియాల్గానో పాల్కియానో లెవెల్ 47 దగ్గర దొరుకుతుంది, చూడటానికి దేవుడే దిగి వచ్చినట్టు ఉంటుంది. కానీ గార్చాంప్ ముందు నిలబెట్టి చూడండి. డియాల్గా స్టీల్, డ్రాగన్; దానికి ఉన్న బలహీనతలు రెండే, గ్రౌండ్, ఫైటింగ్. సింథియా గార్చాంప్ దగ్గర ఉన్న మూవ్స్‌లో ఎర్త్‌క్వేక్, బ్రిక్ బ్రేక్ రెండూ ఉన్నాయి! పాల్కియాకి డ్రాగన్ బలహీనత, గార్చాంప్ దగ్గర డ్రాగన్ రష్ ఉంది, పైగా పాల్కియా బేస్ స్పీడ్ (లెవెల్‌తో సంబంధం లేకుండా ఆ జాతికి ఉన్న వేగం) 100, గార్చాంప్‌ది 102. మిగతా ఐదుగురి మీద లెజెండరీ బాగానే ఉపయోగపడుతుంది, అసలు భయం ఎవరి మీదో వాళ్ల దగ్గరే చేతులెత్తేస్తుంది.

ఇక టైప్ చూసుకుని ఒక్కొక్కరికీ ఒక్కొక్కరిని దించే పద్ధతి. ఇది అందరికీ తెలిసిందే, జిమ్‌ల నుంచి ఆట నేర్పేదే ఇది. గార్చాంప్ డ్రాగన్, గ్రౌండ్ కాబట్టి ఐస్ నాలుగు రెట్లు తగులుతుంది. గాస్ట్రోడాన్ వాటర్, గ్రౌండ్ కాబట్టి గ్రాస్ నాలుగు రెట్లు, ఇంకేదీ దాన్ని అంతగా నొప్పించదు. లుకారియోకి ఫైర్, గ్రౌండ్, ఫైటింగ్. రోజరేడ్‌కి ఫైర్, ఐస్, ఫ్లయింగ్, సైకిక్. స్పిరిటూంబ్ దగ్గరికి వచ్చేసరికి పద్ధతి ఆగిపోతుంది, ఘోస్ట్, డార్క్ కలిసిన ఆ పోకెమాన్‌కి అప్పట్లో ఏ బలహీనతా లేదు. 2013లో ఎక్స్, వై ఆటలతో ఫెయిరీ టైప్ వచ్చాకే దానికి ఒకటి ఏర్పడింది. సింథియా దాన్నే మొదట దించుతుంది, అంటే టైప్ మీదే ఆధారపడి వచ్చినవాళ్లకి పోరు మొదలే తికమకగా ఉంటుంది.

ఈ పద్ధతిలో అసలు చిక్కు ఇంకొకటి. అవతలి పోకెమాన్ ఇంకా నిలబడి ఉండగా స్విచ్ చేసిన (మనది మార్చిన) ప్రతిసారీ ఒక టర్న్ పోతుంది, లోపలికి వచ్చే పోకెమాన్ ఒక దెబ్బ తినే వస్తుంది. ఆరుగురికీ జవాబు మీ దగ్గర ఉన్నా ఆ జవాబును సరైన టైమ్‌కి బతికించి ఉంచుకోవడం వేరే పని. మీ ఐస్ పోకెమాన్ లుకారియో చేతిలో పడిపోయాక గార్చాంప్ వస్తే నాలుగు రెట్లున్నా ఏం లాభం? అందుకే టైప్ ఒక్కటే ప్లాన్‌గా పెట్టుకోవద్దని అంటాను. మూవ్స్ ఎంచుకునేటప్పుడు అది తప్పనిసరి, ఎవర్ని ఎప్పుడు దించాలో తేల్చడానికి అది చాలదు.

నాకు నచ్చిన దారి బూస్ట్. ఒక్క పోకెమాన్‌ను మొదట్లోనే బలంగా తయారుచేసి, దాన్ని బయటికి తీయకుండా ఆరుగురినీ దానితోనే ఊడ్చేయడం. అవతల ఒక పోకెమాన్ పడిపోయి ఇంకొకటి వచ్చినా మీది స్విచ్ కానంత వరకు బూస్ట్ అలాగే ఉంటుంది. ఇక్కడే ట్రైనర్ల మీద మనకి పెద్ద పట్టు దొరుకుతుంది, వాళ్లకి ఆరుగురు ఉండటం వల్ల మన బూస్ట్ ఆరుసార్లు ఉపయోగపడుతుంది.

ఉదాహరణకి గ్యారడోస్. పనికిరాదని అందరూ తీసిపారేసే మాజికార్ప్‌ను లెవెల్ 20 దాకా మోస్తే చాలు. డ్రాగన్ డాన్స్ ఒకసారి వేస్తే అటాక్, స్పీడ్ రెండూ ఒకటిన్నర రెట్లు, రెండోసారి వేస్తే రెండూ రెట్టింపు. మరి ఆ డాన్స్ ఎవరి ముందు వేయాలి? స్పిరిటూంబ్ ముందే. చాలామంది పట్టించుకోని విషయం ఇది, నా దృష్టిలో మొత్తం పోరు ఇక్కడే తేలుతుంది. మిగతావాళ్లు ఏ వరుసలో వస్తారో చెప్పలేం గానీ స్పిరిటూంబ్ మొదట రావడం ఖాయం. డైమండ్, పెర్ల్‌లో దాని దగ్గర ఉన్నవి డార్క్ పల్స్, సైకిక్, సిల్వర్ విండ్, ఎంబార్గో. గ్యారడోస్ మీద రెట్టింపు తగిలేది వాటిలో ఒక్కటీ లేదు, దాడి చేసే మూడూ స్పెషల్ మూవ్స్ (స్పెషల్ డిఫెన్స్ అడ్డుకునేవి; మామూలు డిఫెన్స్ అడ్డుకునేవి ఫిజికల్), గ్యారడోస్ స్పెషల్ డిఫెన్స్ చూస్తే బేస్ 100. నిద్రపుచ్చేదీ, పక్షవాతం తెచ్చేదీ లేవు. డార్క్ పల్స్ వల్ల ఒక్కోసారి ఫ్లించ్ అయి (జంకి) టర్న్ పోవచ్చు, ఎంబార్గో పడితే ఐదు టర్న్‌ల పాటు పోషన్ పనిచేయదు, అంతకంటే పెద్ద ప్రమాదం లేదు. కాబట్టి ముందు డాన్స్, హెచ్‌పీ సగానికి వస్తే మందు, మళ్లీ డాన్స్, ఆ తర్వాతే దాడి. తొందరపడి ఒక్క డాన్స్‌తో బయల్దేరొద్దు, లెవెల్‌లో మీరు పది వెనక ఉంటే గార్చాంప్ స్పీడ్‌ను ఒక్క డాన్స్ దాటుతుందన్న నమ్మకం లేదు, రెండైతే నిశ్చింత.

తర్వాత మూవ్స్. ఐస్ ఫాంగ్ గార్చాంప్‌కీ రోజరేడ్‌కీ, ఎర్త్‌క్వేక్ లుకారియోకీ మిలోటిక్‌కీ, మిగతావాటికి వాటర్‌ఫాల్. ఎర్త్‌క్వేక్ తిరిగి మన మీద వేస్తే ఫ్లయింగ్ కాబట్టి అసలు తగలదు, గార్చాంప్ బలమైన మూవ్ ఒకటి అక్కడే వృథా. మిలోటిక్ దగ్గర మిర్రర్ కోట్ ఉంటుంది, స్పెషల్ దెబ్బ తింటే రెట్టింపు తిరిగి కొడుతుంది, గ్యారడోస్‌వి ఫిజికల్ మూవ్స్ కాబట్టి ఆ బాధ లేదు. జాగ్రత్త పడాల్సింది గాస్ట్రోడాన్ దగ్గర. దాని స్టోన్ ఎడ్జ్ గ్యారడోస్‌కి రెట్టింపు తగులుతుంది, మన దగ్గర దానికి తగిన టైప్ మూవ్ లేదు, అందుకే రెండు డాన్స్‌ల బలం పూర్తిగా ఉన్నప్పుడే దాన్ని ఎదుర్కోవాలి, హెచ్‌పీ నిండుగా ఉంచుకోవాలి.

ఇంకో చిన్న సంగతి. చాంపియన్ ఫుల్ రిస్టోర్ (హెచ్‌పీ నింపి, విషం లాంటివి కూడా పోగొట్టే మందు) వాడగానే చాలామందికి ఒళ్లు మండుతుంది. నిజానికి అది మనకి వరం. ఆ టర్న్‌లో వాళ్ల పోకెమాన్ దాడి చేయదు. చావుబతుకుల్లో ఉన్నదాన్ని వెంటనే కొట్టకుండా, వాళ్లు మందు వాడతారని ఊహించి అదే టర్న్‌లో ఇంకో బూస్ట్ వేసుకోవచ్చు.

బూస్ట్ దారిలో ఉన్న లోపం ఒక్కటే గానీ పెద్దది: ఆ ఒక్క పోకెమాన్ పడిపోతే కట్టిందంతా కూలిపోతుంది. ఒక్క క్రిటికల్ హిట్ చాలు. అందుకే గార్చాంప్ కోసం విడిగా ఒకర్ని దాచి ఉంచాలి. నా ఎంపిక ఐస్ షార్డ్ అనే మూవ్ ఉన్న ఐస్ టైప్ పోకెమాన్. ఐస్ షార్డ్ పవర్ 40 మాత్రమే, కానీ స్పీడ్‌తో సంబంధం లేకుండా ముందు తగులుతుంది, వేసేది కూడా ఐస్ టైప్ కాబట్టి ఒకటిన్నర రెట్లు, గార్చాంప్ మీద నాలుగు రెట్లు. నిండు హెచ్‌పీతో ఉన్న గార్చాంప్ ఒక్క దెబ్బకే పడుతుందని మాట ఇవ్వలేను, అప్పటికే గ్యారడోస్ కాస్త కొట్టి ఉంటే మాత్రం కథ ముగుస్తుంది.

ఇక విషం. టాక్సిక్ (టర్న్ టర్న్‌కీ పెరిగే విషం ఎక్కించే మూవ్) పెట్టి, ప్రొటెక్ట్‌తో (ఆ టర్న్‌లో వచ్చే దెబ్బను ఆపే మూవ్) కాచుకుంటూ, అవతలివాడు తనంతట తాను కరిగిపోయే దాకా ఆగడం. లెక్క చాలా అందంగా ఉంటుంది: మొదటి టర్న్‌లో హెచ్‌పీలో పదహారో వంతు, తర్వాత రెండు వంతులు, మూడు, అలా పెరుగుతూ ఐదో టర్న్ చివరికి పదహారులో పదిహేను వంతులు పోతాయి, ఆరో టర్న్‌లో ఎంత పెద్దవాడైనా పడాల్సిందే. డిఫెన్స్ ఎంతున్నా విషానికి లెక్కలేదు. కానీ సింథియా మీద ఇది వద్దు. లుకారియో స్టీల్, రోజరేడ్ పాయిజన్, ఇద్దరికీ విషం అసలు ఎక్కదు. మిలోటిక్‌కి ఉన్న మార్వెల్ స్కేల్ అనే సహజ గుణం వల్ల, విషం ఎక్కితే దాని డిఫెన్స్ ఒకటిన్నర రెట్లవుతుంది. మిగిలినవాళ్లకి ఎక్కినా ఒక్క ఫుల్ రిస్టోర్‌తో అంతా శుభ్రం. ఆరుగురి మీద ఇన్ని అడ్డంకులతో ఆరేసి టర్న్‌లు నెట్టుకురావడం ఎవరి ఓపికకైనా పరీక్షే.

అదే విషాన్ని 2017 నాటి అల్ట్రా సన్, అల్ట్రా మూన్‌లో అల్ట్రా నెక్రోజ్మా మీద పెట్టి చూడండి. ఆటలో అది ఆఖరి పోరు కాదు గానీ చాంపియన్ కంటే దాని దగ్గరే ఎక్కువమంది ఆగిపోతారు. లెవెల్ 60, బేస్ స్పీడ్ 129, వస్తూనే ఐదు స్టాట్స్ ఒక్కో మెట్టు పెంచుకుంటుంది. దాని ముందు డాన్స్ వేయడానికి టర్న్ దొరకదు, మీ పోకెమాన్ మూవ్ వేసేలోపే పడిపోతుంది. లెవెల్ పెంచినా దాని ఒకటిన్నర రెట్ల బూస్ట్‌ను అందుకోవాలంటే చాలా దూరం వెళ్లాలి. కానీ అది ఒంటరి. వెనక ట్రైనర్ లేడు, ఫుల్ రిస్టోర్ లేదు, సైకిక్, డ్రాగన్ కాబట్టి విషం ఎక్కుతుంది. ఫోకస్ సాష్‌తో (నిండు హెచ్‌పీతో ఉన్నప్పుడు ఒక్క దెబ్బకే పడిపోకుండా కాపాడే ఐటెమ్) మొదటి దెబ్బ తట్టుకుని టాక్సిక్ పెట్టేస్తే సగం పని అయిపోయినట్టే, ఇక ప్రొటెక్ట్ ఒక టర్న్, బలి ఇవ్వడానికి ఒకరు ఒక టర్న్, అవసరమైతే పడిపోయినదాన్ని లేపే రివైవ్. జోరోఆర్క్ అనే డార్క్ టైప్ పోకెమాన్ మారువేషంతో దాన్ని మోసం చేసే దారి కూడా ఉంది. వేరే పోకెమాన్ అనుకుని నెక్రోజ్మా తన సైకిక్ మూవ్ ఫోటాన్ గైజర్ వేస్తుంది, డార్క్ టైప్ మీద అది తగలదు. ముచ్చటైన ట్రిక్కే, నేను మాత్రం విషాన్నే నమ్ముతాను, ఎందుకంటే అది దాదాపు ఏ టీమ్‌తోనైనా కుదురుతుంది.

కాబట్టి నా ఓటు ఇలా: వెనక ట్రైనర్ ఉండి ఆరుగురితో వస్తే బూస్ట్, ఒంటరిగా వచ్చే పెద్ద బాస్ అయితే విషం. టైప్ రెండింటికీ తోడు. లెవెల్ ఇవేవీ పనిచేయనప్పుడు.

2021లో వచ్చిన బ్రిలియంట్ డైమండ్, షైనింగ్ పెర్ల్ ఆడుతున్నవాళ్లు మాత్రం పైన చెప్పింది ఉన్నదున్నట్టు వాడొద్దు. సింథియా టీమ్ అదే, లెవెల్స్ అవే, కానీ చేతిలో ఐటెమ్స్ మారాయి. గార్చాంప్ దగ్గర యాచే బెర్రీ ఉంటుంది, మొదటి ఐస్ దెబ్బను సగం చేసేస్తుంది, అంటే మీ నాలుగు రెట్లు రెండే. పైగా ఇప్పుడు దానికే స్వోర్డ్స్ డాన్స్ ఉంది, వదిలేస్తే మనకంటే ముందు అదే బూస్ట్ అవుతుంది. మిలోటిక్ ఫ్లేమ్ ఆర్బ్ పట్టుకుని తనను తానే కాల్చుకుని మార్వెల్ స్కేల్‌ను నిద్రలేపుతుంది, అందుకే అక్కడ ఫిజికల్ దెబ్బల మీద ఆశ తగ్గించుకుని గ్రాస్ లేదా ఎలక్ట్రిక్ స్పెషల్ మూవ్ ఉన్నవాళ్లని ఒకరిని తీసుకెళ్లాలి. గార్చాంప్ కోసం మాత్రం ఒకటి కాదు, ఐస్ దెబ్బ కొట్టగలవి రెండు పోకెమాన్‌లు ఉండాలి: బెర్రీ తినిపించడానికి ఒకటి, పడగొట్టడానికి ఒకటి.