రాయగడలో ఏడేళ్లుగా వాడుతున్నాను: ఓవర్‌హెడ్‌కి 2.5 ఎంఎం 7018 రాడ్డు

రాయగడ, గుణుపురం చుట్టుపక్కల షెడ్లు, గోడౌన్ల పనిలో ఏడేళ్లుగా 2.5 ఎంఎం మందం 7018 రకం వెల్డింగ్ రాడ్డు వాడుతున్నాను. ఎక్కువగా మెడ పైకెత్తి వేయాల్సిన జాయింట్లకే: బీమ్ కింది వైపు, ట్రస్సు (కప్పు మోసే ఇనుప చట్రం) ముక్కల్ని కలిపే గసెట్ ప్లేట్లు.

మొదట్లో 3.15 ఎంఎం రాడ్డుతో కొట్టేవాణ్ని. కింద పెట్టి వేసేటప్పుడు అది హాయిగా ఉంటుంది. పైకి తిరిగేసరికి కరిగిన ఇనుము ఎక్కువైపోయి బొట్లుబొట్లుగా జారేది. 2.5తో కరిగేది కొంచెమే, వెంటనే గట్టిపడుతుంది. రాడ్డుని మెషిన్ పాజిటివ్ వైపుకి పెట్టి, 80-85 ఆంపుల దగ్గర నాకు చక్కగా నడుస్తుంది.

అసలు కిటుకు ఆర్క్, అంటే రాడ్డు కొసకీ ప్లేటుకీ మధ్య వెలిగే మంట, పొట్టిగా ఉంచడంలో ఉంది. రాడ్డు పూత ప్లేటుకి తగులుతోందా అన్నంత దగ్గరగా పట్టాలి. చేయి కాస్త దిగితే చాలు, చిటపట శబ్దం మారిపోతుంది, ఆ వెంటనే బొట్టు రాలుతుంది. నేను కళ్లకంటే చెవినే నమ్ముతాను. మామూలు పనులకి వాడే 6013 రాడ్డు అలవాటున్నవాళ్లు రాడ్డుని ముందుకీ వెనక్కీ ఆడిస్తారు. 7018తో అలా చేస్తే బీడ్‌లో, అంటే వేసిన వెల్డు గీతలో, గాలి బొక్కలు పడతాయి. తిన్నగా సన్నటి గీత లాగి, పైన కట్టిన స్లాగ్ పెచ్చు పూర్తిగా కొట్టేసి, దాని పక్కన ఇంకోటి వేయాలి. కేబుల్‌ని భుజం మీదుగా వేసుకుంటే బరువు మణికట్టు మీద పడదు. నేను మర్చిపోతే మా హెల్పర్ కుర్రాడు "అన్నా, కాలర్ గుండీ!" అని అరుస్తాడు. ఒకసారి మెడలోంచి రవ్వ దిగి వీపు కాలింది మరి.

దీని పెద్ద లోపం తేమ. రెండేళ్ల కిందట వానాకాలంలో కొట్లో కొన్న ప్యాకెట్టు అంచు చిరిగి ఉంది, చూసుకోలేదు. గ్రైండర్ పెట్టగానే బీడ్ నిండా సూదిమొనంత రంధ్రాలు వరసగా బయటపడ్డాయి. రోజంతా వేసిందాన్ని కోసేసి మళ్లీ వేశాం. పూత పీల్చిన తేమలోంచి హైడ్రోజన్ లోహంలోకి దిగితే తర్వాతెప్పుడో జాయింటు పగలొచ్చు, అదే నా భయం. ఇప్పుడు 300 డిగ్రీల దగ్గర గంటసేపు ఓవెన్లో ఎండబెట్టి, వేడి డబ్బాలోంచి నాలుగేసి రాడ్లే తీస్తాను. ఓవెన్ లేనివాళ్లని ఈ రాడ్డు కొనమని చెప్పను.

మధ్యలో ఆపితే రాడ్డు కొసన గాజులాంటి పెచ్చు కడుతుంది, దాన్ని రాల్చి మళ్లీ ఆర్క్ అంటించాలి. ఇది చిన్న విసుగే. గేట్లు, గ్రిల్లులకి ఇప్పటికీ 6013నే వాడతాను.