మాబ్ డీప్ 'ది ఇన్‌ఫేమస్' వినైల్: పాట వణికిస్తుంది, కవరే నలిగింది

మాబ్ డీప్ అంటే హావక్, ప్రాడిజీ అనే ఇద్దరు న్యూయార్క్ ర్యాపర్లు. ఇది 1995లో వచ్చిన వాళ్ల ఆల్బమ్. ఫోన్‌లో ఎన్నోసార్లు విన్నదే, అయినా రెండు వినైల్ రికార్డు ప్లేట్ల సెట్టు కొన్నాను. ఇంట్లో దండగ ఖర్చన్నారు. 'షుక్ వన్స్ పార్ట్ 2' మీద సూది పెట్టగానే డబ్బులు వసూలైపోయాయి.

వెన్నులో వణుకు పుట్టించే ఆ పియానో ముక్క, అంతకు పాతికేళ్ల ముందు హెర్బీ హాంకాక్ చేసిన 'జెస్సికా' అనే మెత్తటి జాజ్ పాటలోది. హావక్ దాన్ని కోసి, పిచ్ మార్చి ఎంతగా పాడుచేశాడంటే, అదెక్కడిదో జనం కనిపెట్టేసరికి 2011 వచ్చింది. ఆల్బమ్ వచ్చేనాటికి హావక్, ప్రాడిజీ ఇద్దరికీ ఇరవయ్యేళ్లే! ఫోన్‌లో ఆ పియానో ఒక్కటే వినిపించేది. ఇక్కడ బాస్ గచ్చులోంచి కాళ్లకి తగులుతుంది. డ్రమ్స్, బాస్, ఆ ముక్క, అంతే. మధ్యలో వదిలేసిన ఖాళీయే భయపెడుతుంది. మా తమ్ముడు సగం విని "ఎవరైనా పోయారా అన్నా?" అన్నాడు.

'నోయర్ లుక్' (పాత క్రైమ్ సినిమాల చీకటి స్టైల్) అంటూ ఇప్పుడు అమ్మే నల్ల హుడీల మీద నాకు గురి లేదు. వీళ్ల హుడీలు, లావు జాకెట్లు, టింబర్‌లాండ్ బూట్లు న్యూయార్క్ చలికి వేసుకున్నవి. క్వీన్స్‌బ్రిడ్జ్‌లో పేదల కోసం సర్కారు కట్టిన అపార్ట్‌మెంట్ల బయట రాత్రిపూట నిలబడాలంటే అవి ఉండాల్సిందే. మే నెలలో బెజవాడలో అదే గెటప్ వేస్తే మిగిలేది చెమటకాయలే.

బట్టల సంగతే కావాలంటే 'డ్రింక్ అవే ద పెయిన్' వినండి. అందులో గెస్ట్‌గా వచ్చిన ర్యాపర్ క్యూ-టిప్, టామీ హిల్‌ఫిగర్ లాంటి బ్రాండ్ల పేర్లని మనుషులుగా చేసి ఓ నేరం కథ అల్లేశాడు. లిరిక్స్ ఎదురుగా పెట్టుకుంటేనే మజా.

'ప్రిల్యూడ్' అనే ఒట్టి మాటల ట్రాక్‌లో ప్రాడిజీ తిట్ల దండకం ఒక్కసారికి చాలు. ఫోన్‌లో అయితే దాటేయొచ్చు, ఇక్కడ లేచి సూది జరపాలి. పావుగంటకోసారి ప్లేటు తిప్పడానికి ఎలాగూ లేవాలనుకోండి. పెద్దవాళ్లు ఇంట్లో ఉన్నప్పుడు అసలు పెట్టకండి.

అమ్మినాయన పల్చటి అట్టలో చుట్టి పంపాడు. కవర్ మూల నలిగింది. ఫొటో పెడితే రిప్లై లేదు. ప్లేట్లకి మాత్రం గీత పడలేదు.

స్పీకర్ లోపలే ఉండే చిన్న సూట్‌కేస్ ప్లేయర్ మీద వినేవాళ్లు దీన్ని కొనొద్దు. ఈ బాస్ దానికి పలకదు. ముందు మంచి స్పీకర్లు చూసుకోండి.