ఆగస్టాలో ఒకటిన్నర డాలర్ల శాండ్‌విచ్, 429 డాలర్ల రూము

ముందు లెక్క చెప్పేస్తాను. అమెరికాలో, జార్జియా రాష్ట్రంలోని ఆగస్టాలో ఏటా జరిగే మాస్టర్స్ గోల్ఫ్ టోర్నమెంటు ప్రాక్టీసు రోజు టికెట్లు మూడు, ఒక్కోటి 100 డాలర్ల చొప్పున 300. లోపల ముగ్గురం రోజంతా తిన్నదీ తాగిందీ కలిపి 28 డాలర్ల 50 సెంట్లు. కారు పార్కింగు ఉచితం. మోటెల్‌కి మాత్రం టాక్సులతో కలిపి దాదాపు 1,470. ఈ ఆఖరి అంకె కోసమే ఇదంతా రాస్తున్నాను.

గోల్ఫ్ నా ఆట కాదు, మా మామయ్యగారిది. ఆయనా ఏనాడూ కర్ర పట్టుకోలేదు. రిటైరయ్యాక మా దగ్గరికి వచ్చినప్పుడల్లా మధ్యాహ్నం కునుకు కోసం గోల్ఫ్ చానెల్ పెట్టుకునేవారు. కామెంటేటర్లు గుసగుసగా మాట్లాడతారు కాబట్టి నిద్ర బాగా పడుతుందట. 2023 ఏప్రిల్‌లో అలా పడుకుని లేచేసరికి టీవీలో సాహిత్ తీగల అనే గోల్ఫ్ ఆటగాడు. ఆగస్టాలో పద్దెనిమిది హోళ్ళలో పదహారో దాని దగ్గర, ఆఖరి రోజు, గ్రీన్ (గుంట చుట్టూ నున్నటి పచ్చిక) బయటి నుంచి మెల్లగా ఎత్తి కొట్టిన చిప్ షాట్ వంపు తిరిగి గుంటలో పడింది. మాస్టర్స్‌లో తొలిసారే తొమ్మిదో స్థానం పంచుకున్నాడు. ఇంటిపేరు తీగల, అమ్మానాన్నల మూలాలు హైదరాబాదు అని తెలిశాక మామయ్యగారికి కునుకు పోయింది.

ఆ పిల్లాడి గురించి ఆయన చెప్పే కథ ఇంకొకటుంది, మా ఇంటికి ఎవరొచ్చినా వినక తప్పదు. 2024లో సీజన్ ఆఖరి టోర్నమెంటు టూర్ చాంపియన్‌షిప్‌లో, బంకర్ అనే ఇసుక గుంటలో కర్ర వెనక్కి తీస్తుంటే ఇసుకకి తగిలిందేమోనని తీగలకి అనుమానం వచ్చింది. వేరే ఎవరూ చూడలేదు. అలా తగలకూడదు. తనే అధికారిని పిలిచి చెప్పాడు, రెండు స్ట్రోకుల పెనాల్టీ పడింది, అంటే లెక్కలో రెండు దెబ్బలు ఎక్కువ. గోల్ఫ్‌లో తక్కువ దెబ్బలు కొట్టినవాడే గెలుస్తాడు. చివరికి మూడో స్థానం. ఆ రెండూ లేకపోతే రెండో స్థానం పంచుకునేవాడు, డబ్బు లక్షల డాలర్లలో తేడా. "అదీ పెంపకం అంటే" అంటారు మామయ్యగారు, ఆ పెంపకంలో తనకీ ఓ వాటా ఉన్నట్టు.

మాస్టర్స్ టికెట్లు ఎవరికి పడితే వాళ్ళకి దొరకవు. ముందు ఏడాది జూన్‌లో లాటరీకి దరఖాస్తు పెట్టుకోవాలి, ఖర్చేమీ లేదు. నేను ఊరికే పెట్టాను. తగిలింది, 2025 ఏప్రిల్ 9, బుధవారం. మేముండే అట్లాంటా నుంచి ఆగస్టా దాదాపు 145 మైళ్ళు. "తెల్లారగట్ల నాలుగింటికి బయల్దేరదాం, రాత్రికి ఇంటికొచ్చేద్దాం" అంది మా ఆవిడ. పెద్దాయనకి నిద్ర చాలదు, ఊళ్ళోనే ఉందాం అన్నాను నేను. ఈ మాట మీద ఆ తర్వాత నాకు జరిగిన సత్కారం గురించి రాయను.

నవంబరులోనే ఇంటర్‌స్టేట్ పక్కన ఒక మోటెల్‌లో రాత్రికి 189 చొప్పున రూము బుక్ చేశాను. కన్ఫర్మేషన్ కూడా వచ్చింది. మార్చి రెండో వారంలో ఈమెయిలు: సిస్టమ్ ఎర్రర్ వల్ల మీ బుకింగ్ రద్దయింది, కావాలంటే మళ్ళీ చేసుకోండి. చూస్తే అదే రూము 429, పైగా కనీసం మూడు రాత్రులు తీసుకోవాలి. ఫోన్ చేస్తే అవతలి కుర్రాడు చాలా మర్యాదగా "మాస్టర్స్ వీక్ సార్" అన్నాడు. అప్పటికి ఊళ్ళో ఇంకేదీ దొరకలేదు. కట్టాను.

మంగళవారం సాయంత్రం తలుపు తీయగానే సిగరెట్ వాసన, దాని మీద చల్లిన నిమ్మకాయ సెంటు వాసన, రెండూ ఒకదాన్నొకటి ఓడించలేక నిలబడి ఉన్నాయి. తలుపు మీదేమో పొగ తాగరాదన్న స్టిక్కరు. చిన్న ఫ్రిజ్‌లో దీపం వెలుగుతుంది గానీ చల్లదనం లేదు. మా ఆవిడ తెచ్చిన పెరుగన్నం రాత్రికల్లా పులిసింది. ఏసీ ఆన్ చేస్తే పాత అంబాసిడర్ స్టార్టయినట్టు రూమంతా అదిరేది. రిసెప్షన్‌కి వెళ్ళి రూము మార్చమన్నాను. మాస్టర్స్ వీక్ సార్, ఖాళీల్లేవు. పొద్దున బ్రేక్‌ఫాస్ట్‌లో వాఫుల్ మెషీన్ మీద పనిచేయట్లేదని కాగితం అంటించి ఉంది. కారణం అడిగాను. ఆ అమ్మాయి కూడా "మాస్టర్స్ వీక్" అంది. టోర్నమెంటుకీ వాఫుల్‌కీ సంబంధం ఏమిటో నాకిప్పటికీ అంతుపట్టలేదు. అరటిపళ్ళు మాత్రం బాగున్నాయి, అది ఒప్పుకోవాలి. మూడో రాత్రి మేము ఉండనే లేదు, ఆ 429 గాలికి పోయింది.

మీరెవరైనా వెళ్ళేటట్టయితే ఆగస్టాలో దిగకండి. నాలుగింటికి లేవండి, లేదా సౌత్ కరోలినా వైపు కొలంబియాలో దిగండి. గంటంపావు డ్రైవు, మనశ్శాంతి.

ఇక గేటు లోపలికి వెళితే వేరే దేశం. మొదటి షరతు, ఫోన్ తీసుకెళ్ళకూడదు. పట్టుకుంటే బయటికి పంపేస్తారు, అందుకే ముగ్గురి ఫోన్లూ కారులోనే పెట్టేశాం. ప్రాక్టీసు రోజుల్లో మాత్రం కెమెరా తేవచ్చు. అలమరలో ఎప్పటిదో డిజిటల్ కెమెరా బయటికి తీశాం, మెడలో వేసుకుని మామయ్యగారు పెళ్ళి ఫొటోగ్రాఫర్‌లా తయారయ్యారు. రెండో షరతు, పరిగెత్తకూడదు. పొద్దున గేట్లు తీయగానే మంచి చోటు పట్టుకోవాలని వేలమంది పరుగుకి ఒక్క వెంట్రుక తక్కువగా నడుస్తుంటారు, మోకాళ్ళు వంచకుండా. ఆ దృశ్యం ఒక్కటే వంద డాలర్లు చేస్తుంది. మడతకుర్చీ ఒకచోట వేసి వెళ్ళిపోతే సాయంత్రం వచ్చేదాకా అది మీదే. ఖాళీగా ఉన్నప్పుడు ఎవరైనా కూర్చోవచ్చు, మీరు రాగానే లేవాలి. మన రైళ్ళలో కిటికీ సీటు మీద తువ్వాలు వేసినట్టే, కాకపోతే ఇక్కడ గొడవ లేదు.

టీవీలో చూసి కోర్సు, అంటే ఆడే మైదానం, బల్లపరుపుగా ఉంటుందనుకున్నాం. మొత్తం ఎగుడు దిగుడు. పదో హోల్ లోయలోకి దిగుతుంది, పద్దెనిమిదోది మళ్ళీ కొండెక్కుతుంది. మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళని తీసుకెళితే ఒక గ్రీన్ చూసుకుని అక్కడే కూర్చోబెట్టండి. కోర్సులో పేరుమోసిన మూల ఆమెన్ కార్నర్ దగ్గర పన్నెండో హోల్ చూసి మామయ్యగారు నమ్మలేదు. "ఇంతేనా?" అన్నారు. 155 గజాలు, ముందు చిన్న వాగు. ఈ ఇంతే దగ్గర జోర్డాన్ స్పీత్ 2016లో ఆఖరి రోజు ఆధిక్యంలో ఉండి రెండు బంతులు నీళ్ళలో పడేసి, మూడు చాలే చోట ఏడు స్ట్రోకులు తీసుకున్నాడు. టైగర్ వుడ్స్ 2020లో పది. మామయ్యగారు వాగు వంక మళ్ళీ చూశారు, ఈసారి కొంచెం గౌరవంగా.

ఆటగాళ్ళలో నాకు ఎక్కువ వినోదం బ్రైసన్ డీషాంబో. 2020లో ఈ కోర్సుని తన లెక్కలో పార్ (మంచి ఆటగాడికి పట్టాల్సిన దెబ్బలు) 72 కాదు, 67 అన్నాడు. అన్న ఏడాది నుంచీ ఆగస్టా ఆయన చెవి మెలిపెడుతూనే ఉంది. 2024లో మాస్టర్స్ గెలిచిన స్కాటీ షెఫ్లర్ కథ ఇంకా బావుంటుంది. ప్రపంచంలో నంబర్ వన్, 2024 క్రిస్మస్ రోజు ఇంట్లో రావియోలీ చేస్తూ గాజు గ్లాసు పగిలి అరచెయ్యి కోసుకున్నాడు. ఆపరేషన్ చేసి ముక్కలు తీశారు, సీజన్ మొదట్లో ఆడలేకపోయాడు. రావియోలీ అంటే మన కజ్జికాయ అనుకోండి, లోపల తీపి బదులు చీజో మాంసమో. కిందటేటి విజేత కాబట్టి, మంగళవారం రాత్రి పాత విజేతలంతా కలిసి తినే చాంపియన్స్ డిన్నర్ మెనూ ఆయనదే. అందులో మీట్‌బాల్స్, వాటి పక్కనే రావియోలీ కూడా పెట్టించాడు! తనని కొరికిన వంటకాన్ని తిరిగి కొరికించడం నాకు తెగ నచ్చింది.

పదహారో హోల్ దగ్గర ఇంకో సరదా. ప్రాక్టీసు రోజుల్లో ఆటగాళ్ళు చెరువు ఒడ్డుకి రాగానే జనం "స్కిప్, స్కిప్" అని అరుస్తారు. వాళ్ళు బంతిని తక్కువ ఎత్తులో కొట్టి, చిన్నప్పుడు మనం చెరువులో పెంకులు విసిరినట్టు, నీళ్ళ మీద గెంతిస్తూ అవతలి గ్రీన్ మీదికి పంపిస్తారు. టప్, టప్, టప్ అని మూడు గెంతులు, తర్వాత పచ్చిక మీద నిశ్శబ్దంగా దొర్లడం. 2020లో జాన్ రామ్ కొట్టినది ఇలాగే గెంతి గెంతి నేరుగా గుంటలోకే వెళ్ళింది, అదీ ఆయన పుట్టినరోజున.

ఇక తిండి. పిమెంటో చీజ్ శాండ్‌విచ్ ఒకటిన్నర డాలరు. ఎగ్ శాలడ్ శాండ్‌విచ్ కూడా అంతే. చిప్స్ ఒకటిన్నర, కూల్‌డ్రింకు రెండు, పీచ్ ఐస్‌క్రీమ్ శాండ్‌విచ్ మూడు. అమెరికాలో స్టేడియంలో నీళ్ళ సీసాకి ఇచ్చే డబ్బులతో ఇక్కడ భోజనం అయిపోతుంది. ఆకుపచ్చ కవరు విప్పితే మెత్తటి తెల్ల బ్రెడ్డు, మధ్యలో తురిమిన చీజ్, ఎర్ర తియ్య మిరప ముక్కలు, మయోనైజ్. చల్లగా, కాస్త ఉప్పగా, నోట్లో పెట్టగానే బ్రెడ్డు పై అంగిలికి అంటుకుంటుంది. మామయ్యగారు గుడ్డు తింటారు, మాంసం ముట్టరు, ఆయనకి ఇది వరం. గుడ్డు కూడా తినని వాళ్ళు మాత్రం మయోనైజ్ సంగతి గుర్తుపెట్టుకోండి. "ఒక్క పచ్చిమిరపకాయ పడితే ఉండేది" అంటూనే మూడు తిన్నారు. డబ్బులకి కాదు, రుచికే నేనూ రెండు తిన్నాను. క్యూ పొడుగ్గా కనిపించినా అయిదు నిమిషాల్లో బయటికొచ్చాం. 429 తీసుకుని వాఫుల్ పెట్టలేని ఊళ్ళోనే, గోడకి ఇవతల ఇది నడుస్తోంది.

మా ఆవిడ కోరిక వేరు, మాస్టర్స్ గ్నోమ్, అంటే గడ్డం మరుగుజ్జు బొమ్మ. ధర 49 డాలర్ల 50 సెంట్లు. మేము షాపుకి వెళ్ళేసరికి అయిపోయాయి, పొద్దున్నే అయిపోతాయట. మామయ్యగారు పదో హోల్ దగ్గర అరగంట కూర్చోవడం వల్లే అని తేలింది. ఆ తర్వాత గంటసేపు తండ్రీకూతుళ్ళ మధ్య నేను రాయబారిగా పనిచేశాను. చివరికి టోపీలూ టీషర్టులూ 212 డాలర్లకి కొని శాంతింపజేశాను. ఆకుపచ్చ ప్లాస్టిక్ గ్లాసులు ఉచితంగా ఇంటికి తెచ్చుకోవచ్చు, ఆరు పోగేశాం.

తీగల ప్రాక్టీసు చేసే చోట కనిపించాడు. ఓ పది పన్నెండు బంతులు కొట్టి వెళ్ళిపోయాడు. మామయ్యగారు కెమెరాలో నలభై ఫొటోలు తీశారు, ముప్పై ఎనిమిదిటిలో ముందు నిలబడ్డ పెద్దమనిషి టోపీ ఉంది. తీగల వెళ్ళాక చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "కాస్త చిక్కాడు" అన్నారు.

మధ్యాహ్నం పార్ 3 కాంటెస్ట్. చిన్న కోర్సు మీద తొమ్మిది హోళ్ళు, ఆటగాళ్ళ పిల్లలు, కర్రల సంచి మోసే కేడీల్లా తెల్ల బట్టలేసుకుని వెంట నడుస్తారు. 1960 నుంచి జరుగుతోంది, ఇందులో గెలిచినవాడు అదే ఏడాది అసలు మాస్టర్స్ గెలిచింది ఒక్కసారి కూడా లేదు. అందుకే ఇక్కడ గెలవడానికి ఎవరూ తొందరపడరు, పుట్ కొట్టే పని, అంటే గ్రీన్ మీద బంతిని గుంటలోకి దొర్లించే పని, పిల్లలకి అప్పజెప్తారు. మేము ఐస్‌క్రీమ్ తెచ్చేలోపు మామయ్యగారు మాయమయ్యారు.

ఫోన్లు లేని చోట మనిషి తప్పిపోవడం అంటే ఏమిటో మర్చిపోయాం కదా. గంటన్నర వెతికాం. మూడు ఐస్‌క్రీములూ కరిగి మా ఆవిడ చేతి మీద కారాయి. మధ్యలో అవతలి నుంచి ఒక పెద్ద కేక లేచింది, చెట్ల మీదుగా అలలా వచ్చి మమ్మల్ని దాటిపోయింది. ఎవరో ఏదో వేశారు, చూడటం మా రాతలో లేదు. సాయంత్రం బయటికి వెళ్ళే దారి దగ్గర దొరికారు, చేతిలో కూల్‌డ్రింకు. రాత్రి రూములో టీవీ ఒక్కటే సరిగ్గా పనిచేసింది కాబట్టి పెట్టాం. ఉత్తర ఐర్లండ్ ఆటగాడు రోరీ మెకిల్‌రాయ్ నాలుగేళ్ళ కూతురు తొమ్మిదో గ్రీన్ మీద పాతిక అడుగుల దూరం నుంచి పుట్ కొట్టింది. బంతి మెల్లగా, తీరిగ్గా, వంపు తిరిగి గుంటలో పడింది. రోరీ నోరు తెరుచుకుని నవ్వుతున్నాడు. "అది నేను చూశాను, అక్కడే ఉన్నాను" అన్నారు మామయ్యగారు. మా ఆవిడ నా వంక చూసింది. నేను ఏసీ వంక చూశాను.

గురువారం పొద్దున్నే ఇంటికి బయల్దేరాం. దారిలో ఇడ్లీ.

ఆదివారం, టోర్నమెంటు ఆఖరి రోజు, ముగ్గురం ఇంట్లో టీవీ ముందు కూర్చున్నాం. 2011లో ఆగస్టాలోనే నాలుగు స్ట్రోకుల ఆధిక్యంతో ఆఖరి రోజు మొదలుపెట్టి 80 కొట్టి కుప్పకూలిన రోరీ, ఈసారీ మా టెన్షన్ చూడాలన్నట్టు ఆడాడు. పదమూడో హోల్‌లో మామూలు షాట్ తీసుకెళ్ళి వాగులో వేశాడు. పద్దెనిమిదిలో అయిదడుగుల పుట్ పోగొట్టాడు. జస్టిన్ రోజ్‌తో సమానమై, మళ్ళీ హోల్ ఆడి తేల్చుకునే ప్లేఆఫ్‌కి వెళ్ళి, మొదటి హోల్‌లోనే బర్డీ (పార్ కంటే ఒక దెబ్బ తక్కువ) కొట్టి, గ్రీన్ మీద మోకాళ్ళ మీద పడిపోయాడు. మేజర్లనే నాలుగు పెద్ద టోర్నమెంట్లూ గెలిచిన ఆరో మనిషి. దాదాపు పదకొండేళ్ళ తర్వాత మళ్ళీ ఒక మేజర్, బహుమతి 42 లక్షల డాలర్లు. "నేను అప్పుడే అనుకున్నా, ఇంట్లో చిన్నపిల్లే అలా వేసిందంటే తండ్రి ఊరుకుంటాడా" అన్నారు మామయ్యగారు, కళ్ళు తుడుచుకుంటూ.

ఆ హడావుడిలో మా ఆవిడ ఫోన్‌లో పేరుకుపోయిన వాయిస్ మెయిళ్ళు తీసేస్తూ ఒకదాని దగ్గర ఆగింది. బుధవారం మధ్యాహ్నంది, తెలియని ఆగస్టా నంబరు. కోర్సులో ప్రేక్షకుల కోసం ఉచిత ఫోన్లు పెట్టారు, తప్పిపోయినప్పుడు మామయ్యగారు క్యూలో నిలబడి కూతురికి ఫోన్ చేశారన్నమాట. కారులో ఉన్న ఫోన్‌కి. స్పీకర్ పెట్టింది.

"అమ్మాయ్, నేనే. చెట్టు దగ్గరున్నాను. పెద్ద చెట్టు. మీరొచ్చెయ్యండి. తొందరేం లేదులే, ఇక్కడ బావుంది."